పరిశోధక విద్యార్థి – మార్గదర్శకుని బాధ్యత



ఇంట పిహెచ్.డి. చేయుచున్న బిడ్డ గల తల్లిదండ్రులకు ఒక చిక్కు కలదు. బి.ఎ. చదువు బిడ్డను గూర్చి ఎవరైన అడిగినచో, "ఈ వేసవిలో పరీక్షలు" అని చెప్పగలరు. పరిశోధనము చేయు బిడ్డను గూర్చి ఏమని చెప్పుదురు? నాలుగేండ్లు గడచినవి. పరీక్ష తేదీ లేదు, మార్కుల పట్టిక లేదు. పెండ్లి పందిట్లో కలిసిన చుట్టములు "ఇంకా అవలేదా?" అని అడుగుదురు. ఆ బిడ్డ తల వంచుకొని విస్తరిలోనికి చూచును.

ఆ ప్రశ్నకు జవాబు చెప్పవలసినవాడు ఆ బిడ్డ యొక్కడే కాదు. ఆ బిడ్డకు దారి చూపెదనని సంతకము చేసిన మార్గదర్శకుడు కూడ జవాబుదారియే. మేము చాలయేండ్లు విశ్వవిద్యాలయమున చరిత్ర బోధించి, కొందరు పరిశోధకులకు మార్గదర్శకులముగను, మరికొందరి గ్రంథములకు పరీక్షకులముగను పనిచేసినవారము. ఆ పనిలో తెలిసికొన్నవి, కొన్ని ఆలస్యముగ తెలిసికొన్నవి, ఈ పూట మనవి చేయుదుము.

మా అనుభవసారము ఒక్కమాటలో ఇది: పరిశోధక విద్యార్థికి పరీక్ష చివరినాడు జరుగునది కాదు. అతడు వ్రాసిన కాగితములను మార్గదర్శకుడు చదివి, ఉన్నది ఉన్నట్లు చెప్పి తిరిగి ఇచ్చిన ప్రతిదినమును పరీక్షాదినమే. ఆ పని సక్రమముగ జరిగినచో చివరినాటి మౌఖిక పరీక్ష తెలిసినవారు నలుగురు కూర్చుండి మాటలాడుకొనుట వంటిది. జరుగనిచో అది శిక్ష వంటిది.

మొదట ప్రశ్న సంగతి. తక్కిన చదువులలో ప్రశ్నపత్రము ఇతరులు తయారుచేయుదురు, విద్యార్థి సమాధానము వ్రాయును. పరిశోధనమున ప్రశ్నను కూడ విద్యార్థియే వెదకుకొనవలెను. సగము కష్టము ఇచటనే యున్నది. మన పరిశోధకులలో చాలమంది ప్రశ్నతో కాక శీర్షికతో బయలుదేరుదురు. "ఫలాని కవి కృతులు – సమగ్ర పరిశీలనము" అనునది శీర్షిక, ప్రశ్న కాదు. అందుండి ఏ జవాబు రావలెనో అడిగినవానికే తెలియదు.

విస్తారమైన విషయములు తీసికొనుట ఎల్లప్పుడును తప్పని చెప్పరాదు. ఆచార్య బిరుదురాజు రామరాజుగారు ఉస్మానియా విశ్వవిద్యాలయమునకు సమర్పించిన పరిశోధన గ్రంథము "తెలుగు జానపద గేయసాహిత్యము" 1958లో అచ్చయినది. తెలుగువారి పల్లెపాటల నన్నిటిని ఒకచోట చేర్చి, వర్గములుగ విభజించి చూపవలసిన అవసరము ఆనాడు ఉండెను. దారి లేని అడవిలో మొదటి బాట వేయువాడు అడవి నంతటిని చుట్టి రావలసినదే. బాటలు పడిన తరువాత వచ్చువాడును మరల అడవి నంతటిని చుట్టినచో, ముందు నడచినవారి అడుగులే తొక్కును. నేటి విద్యార్థికి కావలసినది చిన్న చోటు, లోతైన త్రవ్వకము.

ఆ ప్రశ్న ఎట్లు దొరకును? ఆలోచించుచు కూర్చుండినంత మాత్రమున దొరకదు. చేతిలో పని పెట్టుకొన్నవానికి దొరకును. ఆంధ్ర విశ్వవిద్యాలయమున గణితము చదివి, కలకత్తాలో సంఖ్యాశాస్త్రము అభ్యసించిన కల్యంపూడి రాధాకృష్ణారావుగారు 1946లో కేంబ్రిడ్జికి పోయిరి. సూడాన్ దేశమున జెబెల్ మోయా అనుచోట త్రవ్వకములలో దొరకిన ప్రాచీన మానవుల అస్థికల కొలతలను పరిశీలించుట అచట వారికి అప్పగింపబడిన పని. ఆ అస్థికలు ఏ జనసమూహమునకు దగ్గరివో తేల్చుటకు అంతవరకు వాడుకలోనున్న లెక్కలు చాలలేదు. చాలనిచోట కొత్త పద్ధతులు కల్పింపవలసి వచ్చెను. ఆ పద్ధతులే వారి పరిశోధన గ్రంథమునకు విషయమైనవి. రొనాల్డ్ ఫిషర్ వంటి మహామేధావి మార్గదర్శకుడుగ 1948లో వారికి పట్టము లభించెను. తెలిసిన ఉపకరణము ఎచట చాలక పోవునో అచటనే ప్రశ్న పుట్టును. కావున మార్గదర్శకుని మొదటి పని విద్యార్థికి ప్రశ్న ఇచ్చుట కాదు, అతనిని సామగ్రి యెదుట నిలువబెట్టుట.

మా వద్దకు కడప జిల్లానుండి ఒక విద్యార్థి వచ్చెను. "రాయలసీమ చెరువుల చరిత్ర" అని కాగితముపై వ్రాసికొని వచ్చెను. "ఎన్ని చెరువులు? ఏ కాలమువి?" అని అడిగితిమి. "అన్నీ సార్" అనెను. మేము వాదింపలేదు. పోరుమామిళ్ల చెరువు శాసనము చదివి రమ్మంటిమి. అది 1369లో విజయనగర రాజకుమారుడు, బుక్కరాయల పుత్రుడు అయిన భాస్కరుడు వేయించినది. వేయిమంది కూలీలు, నూరు బండ్లు రెండేండ్లు పనిచేసినట్లు అందు చెప్పబడినది. మూడు వారములకు ఆ విద్యార్థి తిరిగి వచ్చి ఇట్లు అడిగెను: "చెరువు కట్టించినవాని పేరు శాసనంలో ఉంది సార్. ఆ తర్వాత గండి పడితే ఎవరు పూడ్చినారు?"

అదియే ప్రశ్న. చెరువు త్రవ్వించిన పుణ్యము రాళ్లపై చెక్కుకొన్నవారు కలరు. ఏటేట పూడిక తీసి, తూము బాగుచేసి, కట్టను నిలిపినవా రెవరు? వారికి దశబంధమని మాన్యము లిచ్చు ఆచారము ఆ సీమలో ఉండెను. ఆ మాన్యముల జాడ పట్టుకొని అతడు ఒక చిన్న ప్రాంతమును ఎన్నుకొనెను. శీర్షిక చిన్నదయ్యెను, పని పెద్దదయ్యెను.

ఆ పోరుమామిళ్ల శాసనమున మరియొక విశేషము కలదు. మంచి చెరువునకు కావలసిన అంగములు పన్నెండనియు, చెరువునకు కలుగు దోషములు ఆరనియు అందు లెక్కించి చెప్పిరి. అనగా ఏది మంచి చెరువో త్రవ్వక ముందే తెలిసియుండవలెనని వారి భావము. పరిశోధన గ్రంథమునకును అంతే. గుణదోషములను కొలుచు కొలబద్దను చివర బయటికి తీయుట అన్యాయము. మొదటి నెలలోనే విద్యార్థికి చెప్పవలెను. మేము చెప్పునవి అయిదు: నీ ప్రశ్న ఒక్క వాక్యమున చెప్పగలవా? దానికి ముందు ఇతరులు చెప్పిన జవాబులు నీకు తెలియునా? నీ సాక్ష్యములు ఎచటనుండి వచ్చినవి, వాని బలహీనత యేమి? సాక్ష్యమునుండి నిర్ణయమునకు వచ్చు దారిలో ఎచటనైన దూకితివా? తుదకు, నీ వలన కొత్తగా తెలిసినదేమి, ఇంకను తెలియనిదేమి? ఈ అయిదింటిని విద్యార్థి తన గదిలో గోడకు అంటించుకొనవచ్చును. పరీక్షకుడు అడుగునవి ఇవియే గనుక దాపరికము ఏమియు లేదు.

ఇక మా తప్పు ఒకటి చెప్పుకొనవలసి యున్నది.

ఒక పరిశోధకురాలు ఉండెను. చంటిబిడ్డ తల్లి. మూడు గంటలు బస్సులో ప్రయాణము చేసి వచ్చుచుండెడిది. రెండు అధ్యాయములు వ్రాసి, శుభ్రముగ కుట్టిన కాగితముల కట్టను మా బల్లపై పెట్టి పోయెను. మొదటి కొన్ని పుటలు చదివితిమి. వ్రాత బలహీనముగ నుండెను. ఆ మాట ఎట్లు చెప్పుదుమా యని వాయిదా వేసితిమి. నెల దినములకు ఆమె వచ్చి అడిగెను. "చూస్తాంలే అమ్మా" అంటిమి. జవాబు పత్రములు, సమావేశములు, ప్రయాణములు ఒకదాని తరువాత ఒకటి వచ్చినవి. అయిదు నెలలకు ఆమె మరల వచ్చి, కట్ట పెట్టినచోటనే దుమ్ముపట్టి యుండుట చూచెను. కోపపడలేదు. "బాగా లేదని చెప్పినా బాగుండేది సార్. ఇంకోసారి రాసుకునేదాన్ని" అని మాత్రము అనెను.

తరువాత ఆమె రాలేదు. గడువు దాటినది, నమోదు రద్దయినది. ఆ కట్ట చాలకాలము మా బీరువాలో ఉండెను. ఒకనాడు తీసి ఆసాంతము చదివితిమి. అందలి లోపములు ఒక పక్షము దినములలో దిద్దుకొనదగినవే. మేము దయ అనుకొన్నది దయ కాదు, పిరికితనము. బాగుగ లేని వ్రాతను బాగుగ లేదని వెంటనే చెప్పుట విద్యార్థికి చేయు మేలు. చెప్పక దాచుట అతని ఆయుష్షులో కొంత దొంగిలించుట.

నాటినుండి మూడు నియమములు పెట్టుకొంటిమి. ఒకటి: చేతికి వచ్చిన అధ్యాయమును పదునైదు దినములలో తిరిగి ఇచ్చుట. అట్లు చేయలేనిచో ఏ తేదీకి ఇత్తుమో ముందే చెప్పుట. రెండు: నెలకు రెండు సార్లు, నియమితమైన దినమున, నియమితమైన గంటకు కూర్చుండుట. వ్రాసినది ఏమియు లేకున్నను విద్యార్థి రావలెను. వ్రాయలేక పోయిన దినముననే అతనికి మాట సాయము ఎక్కువ కావలసి యుండును. మూడు: ఒక నోటు పుస్తకము. మాటలాడినదంతయు అందు విద్యార్థి తన మాటలలో వ్రాయును, మేము చదివి సంతకము చేయుదుము. మేము ఒకటి చెప్పగా అతడు మరియొకటి అర్థము చేసికొని మూడు నెలలు పాడుచేసికొను ప్రమాదము దీనితో తప్పినది. మేము నిరుడు చెప్పినదానికి విరుద్ధముగ ఈ యేడు చెప్పినచో, పుస్తకమే మమ్ము పట్టి యిచ్చును.

దిద్దుటలోను ఒక పద్ధతి కలదు. ఎఱ్ఱసిరాతో అచ్చుతప్పులు దిద్దుట సులువు. పుటలన్నియు ఎఱ్ఱనైనచో గురువు కష్టపడినట్లు కనుపించును, విద్యార్థి గుండె జారిపోవును, వాదము ఉన్నచోటనే ఉండును. చెప్పవలసినవి నాలుగే: ఏది నిలిచినది, ఏది నిలువలేదు, ఎందువలన, మరల వచ్చునపుడు ఏమి తేవలెను. ఆ చెరువుల విద్యార్థి తన అధ్యాయమున మెకంజీ దొర సేకరింపించిన గ్రామ కైఫియతులను ఆధారము చేసికొని పదునాలుగవ శతాబ్దపు సంగతులు నిర్ణయించెను. పుట అంచున మేము ఇట్లు వ్రాసితిమి: "కైఫియతు 19వ శతాబ్దపు ఆరంభమున గ్రామస్థులు చెప్పుకొన్న జ్ఞాపకము. 14వ శతాబ్దమునకు అది సాక్షి కాదు. జ్ఞాపకమును, శాసనమును వేరు చేసి, రెండును కలిసినచోట మాత్రము గట్టిగ చెప్పుము." అతడు నెలదినములు శ్రమించి అధ్యాయము తిరుగ వ్రాసెను. అందు సగము నిర్ణయములు ఎగిరిపోయినవి. మిగిలిన సగము ఎవరును కదలింపలేనివైనవి.

ఇక విశ్వవిద్యాలయము చేయు పరీక్ష సంగతి. యూనివర్సిటీ గ్రాంట్స్ కమిషను 2022 నవంబరులో ప్రకటించిన నిబంధనల ప్రకారము పిహెచ్.డి.కి కనీసము మూడేండ్లు, సాధారణముగ గరిష్ఠము ఆరేండ్లు. ఆపై రెండేండ్ల వరకు మరల నమోదునకు అవకాశము కలదు. స్త్రీలకును, నలువదికి మించిన శాతము వైకల్యము గలవారికిని ఇంకొక రెండేండ్ల సడలింపు కలదు. ప్రసూతికి, శిశుసంరక్షణకు 240 దినముల వరకు సెలవు కలదు. ఈ సంగతి ప్రతి ఇంటను తెలిసియుండుట మంచిది. మేము చెప్పిన ఆ తల్లి వంటివారు దారిలో ఆగిపోవలసిన పని లేదు.

ఆ నిబంధనలే పరిశోధన సలహా సంఘము నొకదానిని ఏర్పరచినవి. విద్యార్థి ప్రతి అర్ధసంవత్సరమునకు ఒకసారి ఆ సంఘము ఎదుట తన పని వివరింపవలెను. ఇది మంచి యేర్పాటు. ఒకే మార్గదర్శకుని కన్నుతో చూచు విద్యార్థికి మరి ఇద్దరు ముగ్గురి కన్నులు లభించును. అయితే పలుచోట్ల ఇది తేనీటి విందుగ ముగియుట మేము చూచితిమి. "ప్రగతి సంతృప్తికరము" అని ఒక్క వాక్యము వ్రాసి సంతకములు చేయుదురు. అయిదేండ్లు పది పర్యాయములు సంతృప్తికరమని వ్రాసి, ఆరవయేట గ్రంథము పనికిరాదనుట ఏ న్యాయము? సంఘ సభ్యులు ఒక అధ్యాయమునైన ముందుగ చదివి రావలెను. ఒక లోపమునైన పేరుపెట్టి చెప్పవలెను. మరుసటి సమావేశమున ముందు ఆ లోపమునే అడుగవలెను.

గ్రంథము సమర్పించిన తరువాత మార్గదర్శకునితోపాటు, ఆ విశ్వవిద్యాలయమున ఉద్యోగము లేని ఇద్దరికి తక్కువ కాకుండ పరీక్షకులు దానిని చదువుదురు. మేము పరీక్షకులముగ ఒకచోటికి పోయితిమి. గ్రంథము నాలుగువందల పుటలు, అట్ట బంగారు అక్షరములు. "ఇందు మీ సొంత పుటలు ఏవి, బాబూ?" అని అడిగితిమి. విద్యార్థి మౌనము వహించెను. మార్గదర్శకుడు ముందునకు వంగి తానే జవాబు చెప్పుట మొదలిడెను. ఆనాడు పరీక్షలో తప్పినవాడు విద్యార్థి మాత్రమే కాదని మాకు తోచినది. పుటల లెక్కకు మోసపోక, నాలుగైదు పాదసూచికలు పట్టుకొని మూలములతో సరిచూచినచో గ్రంథము నిజాయితీ తెలియును. పిదప, వ్రాసినదానిలో ఇప్పుడు మరల వ్రాసినచో ఏది మార్చుదువని అడిగినచో పరిశోధకుని వివేకము తెలియును.

2018లో వచ్చిన నిబంధనలు ఇతరుల వ్రాతతో పోలిక నూటికి పది లోపల ఉన్నచో దండన లేదనుచున్నవి. పది దాటి నలువది వరకు ఉన్నచో ఆరు నెలలలో దిద్ది యియ్యవలెను. అంతకుమించి అరువది వరకు ఉన్నచో ఒక ఏడాది సమర్పింపరాదు. అరువది దాటినచో నమోదు రద్దగును. ఈ లెక్క దొంగను పట్టుటకు పనికివచ్చును గాని పరిశోధకుని కొలుచుటకు చాలదు. మాటలు మార్చి ఇతరుల ఆలోచనను వ్రాసికొన్నవాడు ఈ జల్లెడలో పడడు. నేడు కృత్రిమ మేధ యంత్రములు అడిగినంతనే పుటలకు పుటలు వ్రాసిపెట్టుచున్నవి. చివరి గ్రంథమును మాత్రమే చూచు పరీక్షకు ఇది పెద్ద ముప్పు. పక్షమునకు ఒకసారి విద్యార్థితో కూర్చుండి, తప్పుల చిత్తు నుండి దిద్దిన ప్రతివరకు వ్రాత పెరుగుట చూచిన మార్గదర్శకునికి భయము లేదు. ఆ ఆలోచన ఎవరిదో అతనికి తెలియును.

ఇంకొక్క మాట. మార్గదర్శకుని చేతిలో అధికారము ఎక్కువ. అతని సంతకము లేనిదే కాగితము కదలదు. ఆ అధికారమును ఇంటిపనులకు, సొంత వ్యాసములపై పేరు చేర్చుకొనుటకు వాడుకొనువారు లేకపోలేదు. 2022 నిబంధనలు ప్రొఫెసరు ఎనిమిదిమందికి, అసోసియేట్ ప్రొఫెసరు ఆరుగురికి, అసిస్టెంట్ ప్రొఫెసరు నలుగురికి మించి మార్గదర్శకులుగ ఉండరాదని హద్దు పెట్టినవి. ఆ హద్దులోపలనైన, తాను నిజముగ ఎందరి కాగితములు చదువగలడో అందరినే చేర్చుకొనుట ధర్మము.

విద్యార్థి కష్టమునకు అతని పేరు దక్కుట మరియొక ధర్మము. భీమవరమున జన్మించిన యల్లాప్రగడ సుబ్బారావుగారు హార్వర్డులో సైరస్ ఫిస్కేతో కలిసి శరీర ద్రవములలో భాస్వరమును కొలుచు పద్ధతిని 1925లో ప్రకటించిరి. వారికి పిహెచ్.డి. పట్టము వచ్చినది 1930లో. పట్టము రాకముందు చేసిన పని యని ఆ విద్యార్థి పేరు మరుగుపడలేదు. నేటికిని ప్రయోగశాలలలో అది ఫిస్కే–సుబ్బారావు పద్ధతియే.

చెరువుల విద్యార్థి మౌఖిక పరీక్షనాడు ఒక చిన్న సంగతి జరిగెను. ఒక మాన్యము విషయమున మేము మొదటినుండి నమ్మిన అభిప్రాయము సరికాదని, మాతో చెప్పకయే, అతడు సభలో సాక్ష్యముతో నిరూపించెను. సభవారు మా ముఖము వంక చూచిరి. మేము నోటు పుస్తకము తీసి అతని జవాబు వ్రాసికొంటిమి. శిష్యుని చేతిలో ఓడుట గురువునకు గెలుపని పెద్దలు చెప్పుచుందురు. అది వినయముకొరకు చెప్పిన మాట యని అంతవరకు అనుకొనియుంటిమి.

కనుక, శ్రోతలారా, మీ ఇంట పరిశోధనము చేయు బిడ్డ యున్నచో "ఎప్పుడు అవుతుంది?" అని అడుగవలదు. "నీ ప్రశ్న ఏమిటి? మాకు అర్థమయ్యేట్టు చెప్పు" అని అడుగుడు. చెప్పగలిగినచో పని నడచుచున్నదని తెలిసికొనుడు. పిదప, "ఇచ్చిన కాగితాలు మీ సారు చదివి తిరిగి ఇచ్చినారా?" అని అడుగుడు. ఆ రెండవ ప్రశ్నకు లేదని జవాబు వచ్చినచో, ఆలస్యము మీ బిడ్డది కాదు.